పదో తరగతి మెమోలో పేరు మార్పు: గెజిట్ ఒక్కటే సరిపోదు

ప్రశ్న: మా అబ్బాయిని బడిలో చేర్చినప్పుడు వాళ్ల తాతగారు సాయికుమార్ అని రాయించారు. జనన ధ్రువపత్రంలోనూ ఆధార్‌లోనూ కార్తికేయ అని ఉంది. పదో తరగతి మెమో సాయికుమార్ పేరుతోనే వచ్చింది. ఇప్పుడు వాడికి పదిహేడేళ్లు, ఇంటర్ రెండో సంవత్సరం. పై చదువులకు విదేశాలకు పంపాలనుకుంటున్నాం. గెజిట్‌లో వేయిస్తే మెమోలో పేరు మారిపోతుందంటున్నారు, నిజమేనా? ఎనిమిదో తరగతి చదువుతున్న మా పాపకూ ఇదే ఇబ్బంది ఉంది.

జవాబు: గెజిట్ ప్రకటన ఇస్తే మెమోలో పేరు దానంతటదే మారదు. ఫలానా వ్యక్తి ఇకపై ఫలానా పేరుతో వ్యవహరిస్తాడని లోకానికి తెలియజేయడమే గెజిట్ చేసే పని. మెమోను సవరించాల్సింది ప్రభుత్వ పరీక్షల సంచాలకుల కార్యాలయం. ఆ కార్యాలయం ముందుగా చూసేది బడిలోని అడ్మిషన్ రిజిస్టర్‌ను, ఆ రిజిస్టర్ ఆధారంగా బడి పంపిన నామినల్ రోల్‌ను, అంటే పరీక్ష రాసే విద్యార్థుల జాబితాను. రిజిస్టర్‌లో కార్తికేయ అని ఉండి మెమోలో మాత్రమే తప్పుగా అచ్చయి ఉంటే, ప్రధానోపాధ్యాయుని ద్వారా దరఖాస్తు పంపి, అసలు మెమోను, రిజిస్టర్ నకలును జతచేస్తే సరిపోయేది. మీ విషయంలో రిజిస్టర్‌లోనే సాయికుమార్ అని ఉంది కనుక దాన్ని అచ్చుతప్పుగా చూపించలేరు.

ఇలాంటప్పుడు పేరు మార్పు ఎలా కోరవచ్చో సుప్రీంకోర్టు 2021 జూన్ 3న జిగ్యా యాదవ్ కేసులో వివరంగా చెప్పింది. పేరు అనేది వ్యక్తి భావప్రకటనలో భాగమని, అది రాజ్యాంగంలోని 19(1)(ఎ) అధికరణ పరిధిలోకి వస్తుందని, కాబట్టి మార్పును పరీక్షల బోర్డు పూర్తిగా నిషేధించడం చెల్లదని అందులో పేర్కొంది. అయితే, పుట్టుకతోనే ఉన్న పేరును జనన ధ్రువపత్రం వంటి ప్రభుత్వ పత్రాల ఆధారంగా సరిదిద్దమని కోరడం వేరని, తరువాత ఇష్టపడి పెట్టుకున్న కొత్త పేరును రాయమని కోరడం వేరని విడదీసింది. రెండో రకానికి ముందుగా కోర్టు నుంచి అనుమతి గాని, డిక్లరేషన్ (ఫలానాదే అతని పేరని కోర్టు చేసే ప్రకటన) గాని, దానితోపాటు గెజిట్ ప్రకటన ఉండాలని చెప్పింది. సంఖ్యాశాస్త్రం చెప్పిందని పేరులో అక్షరం కలుపుకున్నవారంతా ఈ రెండో కోవలోకే వస్తారు. వారి పట్ల అధికారులు కాస్త కఠినంగా ఉండటంలో నాకు అన్యాయమేమీ కనిపించదు. ఆ తీర్పు సీబీఎస్ఈ నిబంధనల మీద వచ్చినదే అయినా, అందులోని సూత్రాలను మన రాష్ట్ర బోర్డుల విషయంలోనూ కోర్టు ముందు ఉంచవచ్చు.

మీది మొదటి రకమని నిరూపించుకోగలరా లేదా అన్నది జనన ధ్రువపత్రం మీద ఆధారపడి ఉంటుంది. దాన్ని ఒకసారి తీసి చూడండి. అందులో రిజిస్ట్రేషన్ తేదీ ఒకచోట, జారీ చేసిన తేదీ మరొకచోట ఉంటాయి. బిడ్డ పుట్టిన రోజుల్లోనే రిజిస్ట్రేషన్ జరిగి, అప్పుడే కార్తికేయ అని నమోదై ఉంటే మీ వాదనకు గట్టి బలం. పుట్టినప్పుడు పేరు లేకుండా నమోదు చేయించి, మెమో వచ్చాక పేరు చేర్పించి ఉంటే ఎదుటిపక్షం మొట్టమొదట పట్టుకునేది అదే.

దరఖాస్తును తిరస్కరిస్తే ఆ ఉత్తర్వును రాతపూర్వకంగా తీసుకొని, 1963 నాటి నిర్దిష్ట ఉపశమన చట్టం 34వ సెక్షన్ కింద సివిల్ కోర్టులో డిక్లరేషన్ దావా వేయాలి. ప్రభుత్వం ప్రతివాది కనుక, సివిల్ ప్రొసీజర్ కోడ్ 80వ సెక్షన్ ప్రకారం రెండు నెలల ముందు నోటీసు ఇవ్వాలి. అత్యవసరమైతే కోర్టు అనుమతితో నోటీసు లేకుండానే వేయవచ్చు. అబ్బాయి మైనరు కాబట్టి ఇప్పుడు వేస్తే తల్లిగాని, తండ్రిగాని అతని తరఫున వేయాలి. ఇలాంటి దావాకు గడువు సాధారణంగా మూడేళ్లు. మైనరుకు కాలపరిమితి చట్టం కొంత వెసులుబాటు ఇస్తుంది గాని, మేజరయ్యాక మూడేళ్లు దాటితే అదీ పనిచేయదు.

ఇంత శ్రమ నిజంగా అవసరమా అన్నది కూడా ఆలోచించండి. విదేశీ విశ్వవిద్యాలయాలు చూసేది ముఖ్యంగా మార్కుల పత్రాలు, పాస్‌పోర్టు ఒకే పేరుతో ఉన్నాయా అని. పాస్‌పోర్టు ఇంకా తీసుకోకపోయి ఉండి, అబ్బాయికీ అభ్యంతరం లేకపోతే, ఆధార్‌లోనే పేరును మెమోకు అనుగుణంగా మార్పించి, ఆ పేరుతోనే పాస్‌పోర్టు తీసుకోవడం చాలా తేలిక. ఆధార్‌లో పేరును జీవితకాలంలో రెండుసార్లే మార్చుకోనిస్తారు కనుక ఇంటిపేరుతో సహా ప్రతి అక్షరం చూసుకొని ఇవ్వండి. జనన ధ్రువపత్రంలోని తేడా మాత్రం అలాగే మిగిలిపోతుంది. ఎవరైనా అడిగినప్పుడు రెండు పేర్లూ ఒకరివేనని నోటరీ అఫిడవిట్ చూపించవచ్చు, కానీ ఆ అఫిడవిట్‌తో మెమోలో ఒక్క అక్షరం కూడా మారదు.

పాప విషయంలో కోర్టు దాకా వెళ్లాల్సిన పని రాకపోవచ్చు. జనన ధ్రువపత్రం జతచేసి తల్లిదండ్రులిద్దరూ సంతకం చేసిన దరఖాస్తును ప్రధానోపాధ్యాయునికి ఇప్పుడే ఇచ్చి, రసీదు తీసుకోండి. పైఅధికారి అనుమతి కావాలంటే ఆయనే విద్యాశాఖ అధికారికి పంపుతారు. మార్పు అడ్మిషన్ రిజిస్టర్‌లోనే కాక యూడైస్ (బడులు, విద్యార్థుల వివరాలు నమోదు చేసే ప్రభుత్వ వ్యవస్థ) ఆన్‌లైన్ వివరాల్లో కూడా జరిగిందో లేదో అడిగి తెలుసుకోండి. పదో తరగతి నామినల్ రోల్ బడి నుంచి వెళ్లేముందు మీరే స్వయంగా వెళ్లి పేరు సరిచూసుకోండి.