మరణం మీద సినిమా తీస్తానంటే మనసు చెడినట్టా?

ప్రశ్న: మాది శ్రీకాకుళం జిల్లా కవిటి మండలం. బీఎస్సీ పూర్తి చేసిన మా అబ్బాయిని ఎంబీఏలో చేరమంటే, డాక్యుమెంటరీలు తీస్తానంటున్నాడు. అదీ కారుణ్య మరణం మీద! కిడ్నీ జబ్బుతో బాధపడిన మా నాన్నగారు చివర్లో డయాలసిస్ వద్దన్నారు, ఆపేశాం. అప్పటి నుంచే వీడికి ఈ ధ్యాస. ఎంబీఏ మేలా, ఫిల్మ్ కోర్సా?

జవాబు: అడిగింది కోర్సు గురించే అయినా, మిమ్మల్ని తొలుస్తున్నది వేరని నాకు అనిపిస్తోంది. తాత విషయంలో మీరు తప్పు చేశారని కొడుకు లోకానికి చెబుతాడేమోనని భయపడుతున్నారు. కిడ్నీ జబ్బులు ఎక్కువగా ఉన్న మీ ఉద్దానం ప్రాంతం నుంచి వచ్చే ఉత్తరాల్లో ఈ బాధ నాకు కొత్త కాదు. తెలివిలో ఉన్న పెద్దమనిషి తనకు చికిత్స వద్దనడం ఆయన హక్కు. గౌరవంగా మరణించడం జీవించే హక్కులో భాగమని 2018 మార్చి 9న సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం స్పష్టంగా చెప్పింది. సూదిమందుతో ప్రాణం తీయడం మాత్రం ఇక్కడ నేరమే. ఈ రెండూ ఒకటి కావు. మీరు నాన్నగారి మాట నిలబెట్టారు.

ఇక అబ్బాయి ఎంచుకున్న విషయం. ముంబయి నర్సు అరుణా శాన్‌బాగ్ 1973లో దాడికి గురై దశాబ్దాలు మంచానికే పరిమితమైంది. ఆమెకు కారుణ్య మరణం ప్రసాదించాలని ఒక పాత్రికేయురాలు కోర్టుకెళితే, ఏళ్ల తరబడి సేవ చేసిన ఆసుపత్రి నర్సులు బతకనివ్వమన్నారు. 2011లో కోర్టు నర్సుల మాటే మన్నించింది. రెండు వైపులా ఆమె మేలు కోరినవాళ్లే. తాతను దగ్గరుండి చూసిన పిల్లవాడికి ఇలాంటి చిక్కుముడి మీద మనసు పోవడం సహజం. అయితే తన చావు గురించే మాట్లాడుతుంటే అది వేరే సంగతి. అప్పుడు ఆలస్యం చేయకుండా ప్రభుత్వ మానసిక ఆరోగ్య సహాయవాణి టెలీ మానస్ 14416కు ఫోను చేయండి.

నా సందేహం ఈ దారి మీదే. 2023లో ‘ది ఎలిఫెంట్ విస్పరర్స్’కు ఆస్కార్ వచ్చాక డాక్యుమెంటరీ అనే మాటకు మోజు పెరిగింది. దానితోనే ఇల్లు గడిచేవాళ్లు తక్కువ. ఎక్కువమంది ప్రకటనలు, సంస్థల ప్రచార చిత్రాలు, ఎడిటింగ్ పనుల మీద బతుకుతూ సొంత చిత్రం తీసుకుంటారు. కొన్ని వారాల్లో దర్శకుణ్ణి చేస్తామనే కోర్సులకు ఒక్క రూపాయి కట్టకండి. ఖరీదైన కెమెరా కూడా ఇప్పుడే వద్దు. మంచంలో ఉన్న మనిషి ముందు కెమెరా పెట్టాలంటే అనుమతి ఎలా అడగాలో, ఎప్పుడు ఆపేయాలో ముందు నేర్చుకోవాలి.

మీ మీదా నాకు కోపముంది. ఎంబీఏ అతనికి ఇష్టమో కాదో ఉత్తరంలో ఒక్క ముక్క రాయలేదు. అడిగారా? పరువు కోసం చేర్పించిన ఎంబీఏకు కూడా ఫీజులు లక్షల్లోనే అవుతాయి.

పోలిక అడిగారు కాబట్టి: ఇష్టం లేని ఎంబీఏ కంటే పుణె ఫిల్మ్ అండ్ టెలివిజన్ ఇన్‌స్టిట్యూట్ (ఎఫ్‌టీఐఐ), కోల్‌కతా సత్యజిత్ రాయ్ ఫిల్మ్ సంస్థ, ఢిల్లీ జామియా విశ్వవిద్యాలయంలోని మాస్ కమ్యూనికేషన్ మేలు. మూడూ ప్రభుత్వానివే. డాక్యుమెంటరీకి జామియా నాకు నచ్చుతుంది. పలాసలో రైలెక్కితే కోల్‌కతా దగ్గర. ఈ ఏడాది సీటు రాకపోతే ఏదైనా స్టూడియోలో ఎడిటింగ్ నేర్చుకుంటూ మళ్లీ ప్రవేశ పరీక్ష రాయనివ్వండి. ఈలోగా తాత చివరి రోజుల గురించి మిమ్మల్నే ప్రశ్నలు అడగమనండి, ఫోనులోనే రికార్డు చేసుకోమనండి. మీ మాట మీ నోటి నుంచే వింటాడు.