సీలు వేసిన రసీదుల కట్ట

ప్రశ్న: మాది వర్జీనియాలో ఆష్‌బర్న్. నా మొదటి భర్త చనిపోయేనాటికి బాబుకు ఏడాదిన్నర. తర్వాత మళ్లీ పెళ్లి చేసుకున్నాను. మావారు వాణ్ణి కన్నకొడుకులాగే పెంచారు. ఇప్పుడు వాడికి 31 ఏళ్లు. ఫోన్లో ఆటల మీద పందేలు కాసి రెండుసార్లు అప్పుల్లో మునిగాడు. మొదట 18 వేల డాలర్లు, తర్వాత 27 వేలు మావారికి తెలియకుండా నేనే కట్టాను. అందుకు కొన్ని నగలు కూడా అమ్మాను. ఇప్పుడు మళ్లీ అప్పయింది. మా అమ్మ పసుపు కుంకుమ కింద ఇచ్చిన కూకట్‌పల్లి ఫ్లాట్ అమ్ముకోవడానికి తన పేర జీపీఏ (నా బదులు తానే సంతకం పెట్టి అమ్మే అధికార పత్రం) రాయమంటున్నాడు, లేకపోతే జైలుకు పోవాల్సి వస్తుందంటున్నాడు. వచ్చే గురువారం నోటరీ దగ్గర సంతకం పెట్టాలి. పోయిన నెల చుట్టాలు వస్తే అమెరికా నాలుగో అధ్యక్షుడు జేమ్స్ మాడిసన్ ఇల్లు మాంట్‌పీలియర్ చూపించడానికి తీసుకెళ్లాం. అక్కడ ఆయన భార్య డాలీ మాడిసన్ కొడుకు సంగతి విన్నప్పటి నుంచి నాకు నిద్ర లేదు. నా గతీ ఆమెలాగే అవుతుందా? ఫ్లాట్ నా పేరునే ఉంది కాబట్టి ఆయనకు చెప్పకుండా ఇచ్చేస్తే తప్పా? మా అమ్మాయి వచ్చే ఏడు కాలేజీలో చేరాలి.

జవాబు: ఫ్లాట్ మీది. చట్టం మిమ్మల్ని ఆపదు. ఆ ప్రశ్నకు ఇంతకు మించి జవాబు అక్కర్లేదు. మీకు నిద్ర పట్టనిది చట్టం గురించి కాదని మీకూ తెలుసు.

మాంట్‌పీలియర్‌లో మీరు మిమ్మల్ని డాలీ స్థానంలో చూసుకున్నారు. నాకు అలా కనబడలేదు. ఆ ఇంట్లో కొడుకు అప్పుల్లో సగం భార్య కంటపడకుండా తీర్చినవాడు జేమ్స్ మాడిసన్. మీరు ఇప్పుడు చేస్తున్నది అచ్చంగా ఆయన చేసిన పనే. అసలు లెక్క తెలియకుండా ఉన్న డాలీ మీవారు. ఆ కథను ఈ వైపు నుంచి మళ్లీ చూడండి.

1793 ఎండాకాలం చివర ఫిలడెల్ఫియాలో ఎల్లో ఫీవర్ వచ్చింది. డాలీ మొదటి భర్త జాన్ టాడ్, క్వేకర్ అనే క్రైస్తవ శాఖకు చెందిన లాయరు, అక్టోబరు 24న పోయాడు. పసిగుడ్డయిన చిన్నకొడుకు కూడా అదే రోజు పోయాడు. పాతికేళ్ల ఆమెకు మిగిలింది ఒక్క పేన్, ఏడాదిన్నర దాటిన పిల్లాడు. భర్త ఆస్తిలో తన వాటా కోసం మరిదితో పోరాడాల్సి వచ్చింది. మరుసటి ఏడు సెప్టెంబరులో జేమ్స్ మాడిసన్‌ను పెళ్లి చేసుకుంది. ఆయనకు 43, ఆమెకు 26. తమ శాఖ బయట పెళ్లి చేసుకుందని క్వేకర్లు ఆమెను వెలివేశారు. మాడిసన్‌కు సొంత బిడ్డలు పుట్టలేదు. పేన్ ఆ ఇంటికి ఒక్కగానొక్క కొడుకయ్యాడు. మృత్యువు నోట్లోంచి దక్కిన బిడ్డను ఏ తల్లి గట్టిగా మందలించగలదు? మీ బాబు విషయంలో మీకూ ఇదే అడ్డం వస్తోంది. పెంచిన తండ్రి కఠినంగా ఉంటే ‘సొంతవాడు కాడు కదా’ అంటారని ఆయనకు భయం, బిడ్డ ముందే తండ్రిని పోగొట్టుకున్నాడని తల్లికి జాలి. ఇలా ఇద్దరూ నోరు విప్పని ఇంట్లో పిల్లాడికి అడ్డు చెప్పేవాడు ఉండడు.

డాలీకి పేరు తెచ్చిన గుణం కూడా ఇందులో పాలు పంచుకుంది. అప్పటి అధ్యక్షుడు జెఫర్సన్ భార్య లేనివాడు కావడంతో, మాడిసన్ విదేశాంగ మంత్రిగా ఉన్న రోజుల్లోనే అధ్యక్షుడి ఇంట అతిథుల్ని చూసుకునే పని చాలాసార్లు ఆమె మీద పడింది. 1809లో భర్త అధ్యక్షుడయ్యాక ప్రతి బుధవారం సాయంత్రం ఆ ఇంటి తలుపులు తెరిచింది. సభలో ఒకరి ముఖం ఒకరు చూసుకోని ఆనాటి వైరి పార్టీలవాళ్లు, ఫెడరలిస్టులూ రిపబ్లికన్లూ, అక్కడ ఒకే గదిలో నిలబడి మాట్లాడుకునేవారు. ఎవరి మనసూ నొచ్చుకోకుండా, చేదు మాట పైకి రాకుండా చూడటంలో ఆమెను మించినవారు లేరు. రాజకీయానికి అది వరం. కానీ కన్నబిడ్డ సంగతిలో చేదు మాట పైకి రావాల్సిందే. ఇక్కడ కుదించి వేసిన మీ ఉత్తరంలో ‘ఇంట్లో మాట రాకూడదని’ అని మూడుసార్లు రాశారు. అక్కడే ఆగి ఆలోచించండి.

పేన్‌కు 21 ఏళ్లప్పుడు, 1813లో, బ్రిటన్‌తో సంధి చర్చలకు వెళ్లే ఆర్థిక మంత్రి గాలటిన్ బృందంతో రష్యాలోని సెయింట్ పీటర్స్‌బర్గ్ పంపారు. పని నేర్చుకుంటాడనుకున్నారు. అక్కడివాళ్లు అతణ్ణి అమెరికా యువరాజులా చూశారు. తాగుడు, జూదం, దుబారా అలవాటై, 1815లో అప్పుల చిట్టాతో తిరిగొచ్చాడు. మాడిసన్ తీర్చాడు. అప్పటి నుంచీ ఇదే వరస. నెలల తరబడి ఫిలడెల్ఫియాలోనో న్యూయార్కులోనో ఉండిపోయేవాడు, జాబు రాసేవాడు కాదు. నా ఒక్కగానొక్క కొడుకు తల్లి ఇంటికి రాక ఎన్నాళ్లయిందో ఎవరైనా అడిగితే చెప్పడానికి సిగ్గుగా ఉందని 1824 డిసెంబరులో డాలీ అతనికి రాసింది. బతిమాలింది గానీ ఒక గీత గీయలేదు. చివరికి ఫిలడెల్ఫియాలో అప్పుల జైలులో కూడా పడ్డాడు.

ఇక మాడిసన్ లెక్క చూడండి. డాలీకి తెలిసి ఆయన కట్టింది సుమారు 20 వేల డాలర్లు. తెలియకుండా కట్టింది మరో 20 వేలు. ఆ రెండో మొత్తానికి సంబంధించిన రసీదులన్నీ కట్టగట్టి, సీలు వేసి, తన తదనంతరం ఆమెకు ఇవ్వమని డాలీ తమ్ముడు జాన్ పేన్ చేతికిచ్చాడు. ఆమె మనశ్శాంతి కోసం ఎంత భరించానో అప్పుడైనా తెలియాలని ఆయన ఉద్దేశం. ఆయనది గొప్ప ప్రేమేనని నేనూ ఒప్పుకుంటాను. కానీ ఆ ప్రేమ భార్యను చిన్నపిల్లను చేసింది. కొడుకు ఎంతటివాడో సగమే తెలిసిన మనిషి, భర్త పోయాక ఆస్తి మీద నిర్ణయాలు ఎలా సరిగ్గా తీసుకుంటుంది? ఆ డబ్బు వచ్చింది కూడా ఎక్కడి నుంచి? పొలాలు తాకట్టులో ఉన్నాయి, పంటలు దెబ్బతిన్నాయి. 1825లో మాజీ అధ్యక్షుడంతటివాడు బ్యాంకును 6 వేల డాలర్ల అప్పడిగితే కాదన్నారు.

మాడిసన్‌కు కొడుకు సంగతి తెలియకపోలేదు. 1835లో రాసిన వీలునామాలో పేన్‌కు పతకాల పెట్టె ఒకటి, పాత యుద్ధనౌక కర్రతో చేసిన చేతికర్ర ఒకటి రాశాడంతే. కానీ మిగతా ఆస్తిలో చాలా భాగం డాలీ చేతికి నేరుగా ఇచ్చాడు. మధ్యలో ధర్మకర్తలు లేరు, ట్రస్టు లేదు. ముందు తలుపు గడియపెట్టి పెరటి తలుపు తెరిచి ఉంచినట్టయింది. తల్లి చేతికొచ్చింది కొడుకు చేతికి చేరడానికి ఎంతసేపు పడుతుంది?

1836 జూన్ 28న మాడిసన్ పోయాడు. రాజ్యాంగ సభలో ఆయన రాసుకున్న కాగితాల మీద లక్ష డాలర్లయినా వస్తాయని ఆశ పెట్టుకున్నారు. ప్రచురణకర్తలతో బేరానికి డాలీ ఎవరిని పంపిందనుకున్నారు? పేన్‌నే. బేరం కుదరలేదు. 1837లో కాంగ్రెస్ 30 వేలకు మొదటి భాగం కొంది, అందులో వీలునామా ప్రకారం ఇతరులకు ఇవ్వాల్సినవే చాలా ఉన్నాయి. ఆమె వాషింగ్టన్ వెళ్తూ మాంట్‌పీలియర్ బాధ్యతను కూడా అతనికే అప్పగించింది. 1844లో ఇల్లూ పొలమూ రిచ్‌మండ్ వ్యాపారి హెన్రీ మాంక్యూర్ పరమయ్యాయి. మీరు చుట్టాలతో ఫొటోలు దిగిన వరండా అలా చేతులు మారింది.

ఈ అప్పులకు అసలు మూల్యం చెల్లించినవాళ్లు ఆ ఇంటి బానిసలు. వాళ్ల ఇష్టం లేకుండా ఎవరినీ అమ్మవద్దని మాడిసన్ వీలునామాలో కోరాడు. డాలీ అమ్మింది. అప్పులవాళ్లకు అందకుండా 1844లో సుమారు 40 మందిని కొడుకు పేర రాసింది. ఆ వేసవిలో షెరిఫ్ మమ్మల్నందర్నీ పట్టుకున్నాడు, ఏదో ఒకటి చేయకపోతే వచ్చే కోర్టుకు అమ్మేస్తాడట అని సారా స్టువర్ట్ అనే బానిస స్త్రీ ఆమెకు ఉత్తరం రాసింది. మాడిసన్‌కు చివరిదాకా సేవ చేసిన పాల్ జెన్నింగ్స్‌కు స్వేచ్ఛ ఇస్తానని 1841లో వీలునామా రాసిన మనిషే, 1846లో అతణ్ణి 200 డాలర్లకు అమ్మింది. సెనేటర్ డేనియల్ వెబ్‌స్టర్ 120 డాలర్లకు కొని విడిపించాడు. నెలకు 8 డాలర్ల చొప్పున జెన్నింగ్స్ ఆ సొమ్ము పనిచేసి తీర్చుకున్నాడు. ఆ తర్వాత వెబ్‌స్టర్ పంపిన కూరగాయల బుట్టలు డాలీ ఇంటికి మోసుకెళ్లింది, అప్పుడప్పుడు తన జేబులోంచి కాస్త డబ్బు ఆమె చేతిలో పెట్టింది ఆ జెన్నింగ్సే. ఈ భాగం చదివినప్పుడు డాలీ మీద నాకు జాలి కంటే కోపమే ఎక్కువ వస్తుంది. కొడుకును కాదనలేని తల్లి, కాదనడం చేతగాని మనుషుల బతుకుల్లోంచి తీసి ఇస్తుంది. మీ ఇంట్లో అలా నోరెత్తకుండా నష్టపోయేది ఎవరు? మీ అమ్మాయి. కట్టేసిన ఆ 45 వేల డాలర్లలో ఆ పిల్ల చదువూ ఉంది, మీవారి రిటైర్మెంటూ ఉంది. ఆ ఇద్దరినీ మీరు అడగలేదు.

చివరకు పని చేసిన ఉపాయం ఒక్కటే. 1848లో మిగతా కాగితాలను కాంగ్రెస్ 25 వేలకు కొన్నప్పుడు 5 వేలు అప్పుల కోసం డాలీకిచ్చి, 20 వేలను ధర్మకర్తల చేతిలో పెట్టింది. వాళ్లలో ఒకరు తర్వాత అధ్యక్షుడైన బుకానన్. అసలును పేన్ ముట్టుకోలేకపోయాడు. 1849 జూలైలో ఆమె పోతూ ఆ సొమ్ములో సగం అతనికి, సగం తనను చూసుకున్న మేనకోడలు ఆనీకి రాసింది. దాని మీద కూడా కోర్టుకెక్కి ఓడిపోయాడు. 1852లో 59 ఏళ్లకు అప్పులతోనే పోయాడు.

ఇక మీరు చేయాల్సినవి. గురువారం అపాయింట్‌మెంట్ ఈరోజే రద్దు చేయండి. అమ్మే హక్కుతో జీపీఏ ఇవ్వడమంటే ఫ్లాటును చేతిలో పెట్టడమే. అది అమెరికాలో నోటరీ, అపోస్టిల్ (విదేశంలో చెల్లేలా ప్రభుత్వం వేసే ధ్రువీకరణ) అయి ఇండియా చేరి, మూడు నెలల్లోపు స్టాంపు కట్టాక మీరు వద్దనుకున్నా, వెనక్కి తీసుకునేలోపే అమ్మకం అయిపోవచ్చు. ఇంతకు ముందే ఏదైనా పవర్ రాసిచ్చి ఉంటే రద్దు పత్రం రాయించండి. అది రిజిస్టరై ఉంటే రద్దునూ అక్కడే రిజిస్టరు చేయించి, అబ్బాయికీ అద్దెకున్నవాళ్లకూ రాతపూర్వకంగా తెలియజేయండి.

జైలు మాట నమ్మకండి. పేన్ కాలంలో అప్పుకు జైలుండేది. ఇప్పుడు వర్జీనియాలో క్రెడిట్ కార్డు బాకీకి జైల్లో పెట్టరు. కోర్టుకు వెళ్తారు, జీతంలోంచి కొంత కోత వేయిస్తారు. అది అతను భరించాల్సిన కోత. ఒకవేళ నిజంగానే జైలు భయం ఉందంటే అది మామూలు అప్పు కాదు, మీ దగ్గర ఇంకేదో దాస్తున్నాడు. అప్పుడు కావాల్సింది లాయరు, ఫ్లాటు కాదు.

మూడు క్రెడిట్ సంస్థల నుంచీ మీ ఇద్దరి రిపోర్టులూ ఉచితంగా తెప్పించి, మీకు తెలియని అప్పు మీ పేర ఉందేమో చూడండి. ఆ వెంటనే, మీ పేర ఎవరూ కొత్త అప్పు తీసుకోకుండా, మూడుచోట్లా ఫ్రీజ్ పెట్టండి. అబ్బాయి కొత్త లోన్లకు హామీగా సంతకం (కో-సైన్) చేయవద్దు. అతని చేతికి నగదు ఇవ్వవద్దు. చికిత్సకు, కౌన్సెలింగుకు అయ్యే ఖర్చు మీరు నేరుగా వాళ్లకే కట్టండి. పందేల యాప్‌ల నుంచి తనను తాను నిషేధించుకునే పద్ధతి వర్జీనియా లాటరీ వాళ్ల దగ్గర ఉంది. అందులో పేరు రాయించుకోవాల్సింది అతనే. ఇంట్లో అన్నం, పడక ఎప్పుడూ ఉంటాయని చెప్పండి, అందులో వెనక్కి తగ్గకండి. ఫ్లాటు మీద ఆదాయం పిల్లలిద్దరికీ చెందాలనుకుంటే, బయటి మనిషి ధర్మకర్తగా ఉండేలా ఇప్పుడే రాయించండి.

వీటన్నిటికీ ముందు చేయాల్సింది మరొకటి ఉంది. అబ్బాయి ఇంట్లో లేని రోజు, అమ్మాయి పడుకున్నాక, రెండుసార్లు కట్టిన స్టేట్‌మెంట్లు ప్రింటు తీసి మీవారి ముందు పెట్టండి. అమ్మిన నగల పేర్లు, వచ్చిన డబ్బు కాగితం మీద రాసి ఇవ్వండి. సగం చెప్పి సగం దాచవద్దు, ఆ దాచిన సగమే రేపు మీ సీలు వేసిన కట్ట అవుతుంది. ఆయనకు కోపం వస్తుంది, రానివ్వండి. డబ్బు పోయినందుకు ఒక రోజు, మీరు దాచినందుకు చాలా రోజులు. ‘వాడు నీ కొడుకు’ అని ఒక మాట అన్నా ఆ రాత్రికి ఎదురు చెప్పకండి. ఆ మాట ఇన్నేళ్లూ అనకుండా పెంచిన మనిషి ఆయన. అబ్బాయికి వినిపించాల్సిన జవాబు మర్నాడు పొద్దున ఇద్దరూ కలిసి, ఒకే మాటగా, ఫోన్లో కాకుండా ఎదురుగా కూర్చోబెట్టి చెప్పండి.