బదిలీ మీద స్టే కావాలంటే సిక్ లీవ్ పెట్టకండి

ప్రశ్న: విద్యుత్ పంపిణీ సంస్థలో సబ్ ఇంజనీర్‌ని. మిర్యాలగూడలో చేరి 11 నెలలైంది. ఈమధ్య రెండు రైస్ మిల్లుల మీద కరెంటు చౌర్యం కేసులు రాశాను. 20 రోజులు తిరక్కముందే ‘పరిపాలనా కారణాల’తో గద్వాలకు వేశారు. ఎమ్మెల్యే లెటర్ వెళ్లిందని ఆఫీసులో చెప్పుకుంటున్నారు. నా భార్య నల్లగొండలో జిల్లా పరిషత్ టీచర్. నన్ను ఇంకా రిలీవ్ చేయలేదు. సిక్ లీవ్ పెట్టి కోర్టుకు పొమ్మంటున్నారు. స్టే వస్తుందా?

జవాబు: సిక్ లీవ్ సలహా ఇచ్చినవాళ్లు మీ మేలు కోరేవాళ్లే కావచ్చు, కానీ మునిగేది మీరు. మీలాగే గుజరాత్ విద్యుత్ బోర్డు ఉద్యోగి ఒకరిని సూరత్ నుంచి ఉకాయ్‌కి వేస్తే ఆయన వెళ్లలేదు, ఉద్యోగం పోయింది. స్టేగానీ రద్దుగానీ లేనప్పుడు ఆర్డరును పాటించాల్సిందేనని 1989లో సుప్రీంకోర్టు తేల్చేసింది. వినతిపత్రం ఇచ్చి ఇంట్లో కూర్చోవడం కుదరదు.

మీకున్న బలం ఇంకా రిలీవ్ కాకపోవడం. రిలీవ్ అయి, మీ కుర్చీలో ఇంకొకరు చేరాక స్టే దొరకడం బాగా కష్టం. అందుకని ఈరోజే వినతిపత్రం రాసి డీఈ (డివిజనల్ ఇంజనీర్) ద్వారా పైకి పంపండి. మీ కాపీ మీద ఇన్‌వర్డ్ నంబరు, తేదీ, ముద్ర వేయించుకోండి. ముద్ర వేయడానికి వాళ్లు ఒప్పుకోకపోతే స్పీడ్ పోస్టులో పంపి రశీదు దాచండి. రెండు మూడు రోజుల్లో హైదరాబాద్‌లో హైకోర్టులో రాజ్యాంగం 226వ అధికరణ కింద రిట్ పిటిషన్ పడాలి. రాష్ట్ర పరిపాలనా ట్రిబ్యునల్ తెలంగాణకు 2016లోనే పోయింది, ‘క్యాట్’ (కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్) కేంద్ర ఉద్యోగులది. రెండింటి జోలికీ పోకండి.

ఇక వాదనలు. భార్యాభర్తలను ఒకేచోట ఉంచాలన్నది మార్గదర్శకమే గానీ హక్కు కాదని 1993లో అబ్బాస్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. దాన్ని పిటిషన్ చివర్లో ఒక పేరాగా పెట్టండి, చాలు. ఎమ్మెల్యే లెటర్ ఒక్కటే ఉన్నా బదిలీ చెడదు. 2007లో మసూద్ అహ్మద్ కేసులో సుప్రీంకోర్టు అన్నది అదే. అధికారి తన బుర్ర వాడకుండా ఆ లెటర్ కిందే సంతకం పెట్టాడని చూపాలి.

మీ కేసు నిలబడేది తేదీల మీద. చౌర్యం కేసులు రాసిన తేదీలు, బదిలీ ఆర్డరు తేదీ పక్కపక్కన పెట్టండి. ఆ ఆర్డరులో మీ ఒక్కరి పేరే ఉందా, పదిమందితో కలిపి ఉందా? మీ స్థానంలో ఎవరినైనా వేశారా, ఖాళీగా వదిలారా? మీ సంస్థ బదిలీ నిబంధనల్లో ఒకచోట కనీసం ఎన్నేళ్లు ఉంచాలని ఉంది, ముందే కదిలిస్తే కారణం రాయాలని ఉందా? నల్లగొండ సర్కిల్ దాటించే అధికారం సంతకం చేసిన వ్యక్తికి ఉందా? అధికార పరిధి దాటితే అదొక్కటే ఆర్డరును పడగొట్టగలదు.

మీ మీద ఫిర్యాదు ఏదైనా వచ్చి, విచారణ లేకుండా బదిలీతో సరిపెట్టారనుకోండి, అది శిక్షకు బదులు బదిలీ. సోమేశ్ తివారీ కేసులో (2009) ఆకాశరామన్న ఉత్తరం మీద వచ్చిన బదిలీని ఇలాగే కొట్టేశారు.

దురుద్దేశం అంటే మాత్రం జాగ్రత్త. ఆరోపణ ఎవరి మీదనో వారిని పేరుతో ప్రతివాదిగా చేర్చాలి, లేకుంటే కోర్టు ఆ పేరాలు చదవదు. ఆధారం లేకుండా ఎమ్మెల్యేను లాగితే కేసు పలచబడుతుంది. నోట్ ఫైల్ (బదిలీపై అధికారులు రాసుకున్న నోట్‌ల ఫైలు) కోసం సమాచార హక్కు కింద 10 రూపాయల ఫీజుతో అర్జీ పెట్టండి. జవాబుకు 30 రోజుల గడువుంది, స్టేకి అది అందదు. కనుక ఫైలు తెప్పించమని రిట్‌లోనే అడగాలి.

చాలా కేసుల్లో దక్కేది పూర్తి రద్దు కాదు. ‘వినతిపత్రాన్ని ఇన్ని వారాల్లో పరిశీలించి కారణాలతో ఉత్తర్వు ఇవ్వండి, అంతవరకు కదపకండి’ అంటారు. ఆ ‘అంతవరకు’ అన్న మాట కోసం మీ లాయరు గట్టిగా అడగాలి. అది లేని ఆర్డరుతో మర్నాడే రిలీవ్ చేస్తారు.

రిట్ విచారణకు రాకముందే రిలీవ్ చేస్తే గద్వాల వెళ్లి చేరండి. చేరిక రిపోర్టులో ‘కోర్టులో నా అభ్యంతరానికి భంగం లేకుండా చేరుతున్నాను’ అని ఒక్క వాక్యం రాసి, దాని కాపీ మీదా ముద్ర వేయించుకోండి.