నాన్న ఫోన్‌లో ఉంటాడు కదా!

ప్రశ్న: మాది జగిత్యాల జిల్లా. దుబాయ్‌లో పనిచేస్తాను. రెండున్నరేళ్ల తర్వాత 2 నెలల సెలవు మీద వచ్చాను. మా బాబుకు నాలుగేళ్లు. పది రోజులైనా నా దగ్గరికి రాడు, ఎత్తుకుంటే ఏడుపే, అన్నిటికీ తాతే కావాలి. నిన్న ‘మా నాన్న ఫోన్‌లో ఉంటాడు’ అన్నాడు. రాత్రంతా నిద్ర పట్టలేదు.

జవాబు: ఆ మాటకు మీ ప్రాణం చివుక్కుమని ఉంటుంది, కానీ వాడు అబద్ధమేం చెప్పలేదండీ. మీరు వెళ్లేనాటికి వాడికి ఏడాదిన్నర, ఆ వయసు జ్ఞాపకాలు నిలవవు. వాడికి తెలిసిన నాన్న అరచేయంత ఉంటాడు, ‘తిన్నావా’ అని అడిగి మాయమైపోతాడు. ఇప్పుడేమో నిలువెత్తు మనిషి ఒకాయన సెంటు వాసనతో వచ్చి, అమ్మ పక్కన వాడి చోట్లో పడుకున్నాడు. వాడి స్థానంలో మీరుంటే ఊరుకుంటారా?

కొన్నాళ్లు బలవంతంగా ఎత్తుకోవడం మానేయండి. చాక్లెట్ చూపించి పిలవడం కూడా (వాడు వచ్చేది చాక్లెట్ కోసం, మీ కోసం కాదు). నేల మీద కూర్చుని వాడి బొమ్మ కారు చక్రం బిగిస్తూ ఉండండి, వాడే పక్కకు చేరతాడు. ఎన్ని రోజులకంటే చెప్పలేను. తాత మీద మాత్రం అలగొద్దు, ఇన్నాళ్లూ వాడికి ధైర్యం ఆయనే. అంగన్‌వాడీకి ముగ్గురూ కలిసి వెళ్లండి, ఒక చెయ్యి తాత పట్టుకుంటే రెండోది ఖాళీయే కదా.

ఇంట్లోవాళ్లకు ఒక్క మాట గట్టిగా చెప్పండి. ‘నాన్న దగ్గరికి పోకపోతే దుబాయ్ వెళ్లిపోతాడు’ అని ఎవరూ అనకూడదు. మీరు నిజంగానే వెళ్తారు, తన వల్లే వెళ్లారని పసివాడు అనుకుంటాడు.

వెళ్లే రోజు వాడు నిద్రలో ఉండగా చప్పుడు కాకుండా బయల్దేరొద్దు. చెప్పి వెళ్లండి. ఏడిస్తే ఏడవనివ్వండి. అక్కడ రాత్రి 7 అయితే ఇక్కడ 8:30, వాడు అన్నం తినే వేళ. కుదిరిన రోజుల్లో ఫోన్ కంచం పక్కన నిలబెట్టమనండి, మీరూ అప్పుడే తినండి. మీ రూమ్, మీ మంచం, మీరు కూర వండుకునే గిన్నె అన్నీ చూపించండి. నాన్న ఉండేది ఫోన్ లోపల కాదు, ఆ మంచం మీద అని వాడికి తెలియాలి.