ఎడారి యుద్ధానికి విమానాలుంటే సరిపోతుందా? ఇసుకలో పనిచేసినవాడి జవాబు

అడిగిన ప్రశ్న ఇది: "1991 గల్ఫ్ యుద్ధం చూశాక, ఎడారిలో యుద్ధం వస్తే వైమానిక బలం ఒక్కటుంటే చాలు అనొచ్చా?"

అనకూడదు. ఇది పైలట్ మాట కాదు, మాది కొండపి వైపు పల్లె. ఇంటర్ అయ్యాక ఎయిర్‌ఫోర్స్‌లో ఎయిర్‌మన్‌గా చేరాను. రాజస్థాన్ సరిహద్దు దగ్గర ఒక స్టేషన్‌లో మూడేళ్లు మిగ్-21 యుద్ధ విమానాల దగ్గర గ్రౌండ్ క్రూలో, అంటే నేల మీద వాటిని చూసుకునే బృందంలో ఉన్నాను. ఎడారిలో విమానానికి శత్రువు కంటే ముందు ఎండ, ఇసుక ఎదురొస్తాయని అక్కడే తెలిసింది.

ఎండ సంగతి మన ప్రకాశం వాళ్లకి చెప్పక్కర్లేదు అనుకునేవాణ్ణి. కానీ మే నెలలో అక్కడి టార్‌మాక్ మీద, అంటే విమానాలు నిలిపే చోట నిలబడితే, పొగాకు మగ్గుతున్న బ్యారన్‌లోకి తల పెట్టినట్టే ఉంటుంది. ఎండలో వదిలేసిన స్పానర్‌ని ఉత్త చేత్తో పట్టుకోలేం. వేడికి గాలి పలచబడుతుంది. ఇంజిన్ బలం తగ్గుతుంది, రెక్కలకు ఊతం తగ్గుతుంది, రన్‌వే మీద ఎక్కువ దూరం పరిగెత్తాలి. దాంతో బాంబులైనా తగ్గించాలి, ఇంధనమైనా తగ్గించాలి. టీవీలో ఈ విమానం ఇన్ని టన్నులు మోస్తుందని చెప్పేవాళ్లు ఏ ఎండలో మోస్తుందో ఒక్కరోజూ చెప్పరు. నాకు అదే మంట.

ఒక మధ్యాహ్నం సంగతి చెప్తాను. ఎక్సర్‌సైజ్ నడుస్తోంది. నాలుగు విమానాలు లైన్లో ఉన్నాయి. మూడు గంటలప్పుడు పడమట ఆకాశం ఎర్రగా, గోడ లేచినట్టు కనపడింది. "ఆంధీ!" అని మా సార్జెంట్ కేక వేశాడు, అంటే ఇసుక తుఫాను. పది నిమిషాల్లో మీద పడింది. పరిగెత్తి, ఇంజిన్‌లోకి గాలి పోయే చోటును మూసే ఇంటేక్ కవర్లు బిగిస్తున్నాం. మూడు విమానాలకు కవర్లు పడ్డాయి. నాలుగోదాని పట్టీ కుట్లు అప్పటికే ఊడిపోయి ఉన్నాయి. కొత్తది కావాలని అంతకుముందు రెండుసార్లు రాసిచ్చాం, రాలేదు. నేనూ ఇంకో తమిళ అబ్బాయీ ఆ కవర్‌ని విమానం మూతికి అదిమిపెట్టి, దాని మీద మా ఒళ్లు ఆనించి నిలబడ్డాం. కళ్లు మూసుకున్నా రెప్పల సందులోంచి ఇసుక దూరుతోంది. పళ్ల మధ్య కరకర. పక్కనున్నవాడి మాట వినపడదు. దాదాపు నలభై నిమిషాలు అట్లాగే ఉన్నాం.

గాలి తగ్గాక టార్చి వేసి చూస్తే లోపల ఇసుక ఉంది. జెట్ ఇంజిన్‌లోకి ఇసుక పోతే కంప్రెసర్ బ్లేడ్ల అంచులు అరిగిపోతాయి. ఇంకా లోపలికి పోతే ఆ వేడికి కరిగి టర్బైన్ బ్లేడ్లకు గాజులా అతుక్కుంటుంది. అందుకే ఆ విమానాన్ని ఎగరనివ్వలేదు. శుభ్రం చేసి, ఒక్కో బ్లేడూ చూసి వదిలేసరికి ఐదు రోజులు పట్టింది. శత్రువు ఒక్క తూటా కాల్చకుండానే నాలుగింట ఒక విమానం పోయింది, ఊడిన కుట్టు వల్ల. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. నిజంగా యుద్ధమే అయ్యుంటే అన్న టెన్షన్.

ఇది చిన్న స్టేషన్ గోడు అనుకోకండి. 1980 ఏప్రిల్‌లో ఇరాన్ రాజధాని టెహ్రాన్‌లో ఉన్న తన బందీలను విడిపించడానికి అమెరికా 8 హెలికాప్టర్లు పంపింది. దారిలో ధూళి తుఫాను, యంత్రాల్లో లోపాలు. పని జరగాలంటే కనీసం 6 కావాలి, చివరికి పనికొచ్చేవి 5 మిగిలాయి. ఆపరేషన్ ఆపేసి వెనక్కి బయల్దేరుతుంటే, లేచిన దుమ్ములో ఒక హెలికాప్టర్ సీ-130 విమానానికి గుద్దుకుని 8 మంది చనిపోయారు. బందీలున్న చోటికి వెళ్లనే లేదు.

ఇక 1991. కువైట్‌ను ఆక్రమించిన ఇరాక్ సైన్యం మీద అమెరికా, దాని మిత్రదేశాలు జనవరి 17న మొదలుపెట్టి, నేల మీద తమ సైన్యం కదిలేలోపు ఐదు వారాలకు పైగా బాంబులు వేశాయి. ఆ తర్వాత నేల మీద యుద్ధం 100 గంటల్లో ముగిసింది. అది చూసి అందరూ విమానాలే గెలిపించాయంటారు. నిజమే, ఎడారి వాళ్లకు సాయం చేసింది కూడా. రాత్రిపూట ఇసుక త్వరగా చల్లారుతుంది, ఇనుము అంత త్వరగా చల్లారదు. అందుకని ఇసుకలో పూడ్చిన ట్యాంకులు కూడా వేడిని చూసే కెమెరాల్లో వెలుగుతూ కనపడ్డాయి. ఒక్కోదాన్నీ లేజర్ గురితో పడే బాంబుతో కొట్టారు. కానీ అదే ఎడారిలో ఇరాక్ స్కడ్ క్షిపణులు మోసే లారీలను వెతకడానికి అన్ని విమానాలు తిరిగినా, గాలిలోంచి ఒక్క లారీనైనా ధ్వంసం చేసినట్టు యుద్ధం తర్వాత గట్టి ఆధారం దొరకలేదు. పైగా ఆగస్టు నుంచి జనవరి దాకా ఐదు నెలలు సౌదీలో కూర్చుని సరుకు, మనుషులు, విడిభాగాలు కూడబెట్టుకున్నారు. నా లెక్కలో యుద్ధం గెలిచింది ఆ ఐదు నెలల్లోనే.

మన లోంగేవాలా చూడండి, రాజస్థాన్ సరిహద్దులోని సైనిక పోస్టు. 1971 డిసెంబరు 4 రాత్రి పాకిస్తాన్ ట్యాంకులు వచ్చాయి. జైసల్మేర్‌లో ఉన్న హంటర్ విమానాలు రాత్రి కొట్టలేవు. తెల్లారేదాకా సుమారు 120 మంది జవాన్లు పోస్టు వదలకుండా నిలబడితేనే, తెల్లారాక హంటర్లు వచ్చి ట్యాంకులను వేటాడగలిగాయి. ఆ రాత్రి వాళ్లు కదిలిపోయుంటే?

2022 డిసెంబరులో అద్దంకి దగ్గర కొరిశపాడు హైవేను అత్యవసర రన్‌వేగా వాడుకోవడానికి యుద్ధ విమానాల ట్రయల్ జరిగినప్పుడు నేనూ వెళ్లాను. దూరంగా నిలబడి చూస్తుంటే చెవులు గింగిర్లెత్తాయి, ఒళ్లు పులకరించింది. పక్కనున్న కుర్రాళ్లు దాని స్పీడెంత, రేటెంత అని అడుగుతున్నారు. ఆ రోడ్డు మీద గులకరాయి కూడా లేకుండా చూసినవాళ్లు ఎవరని ఒక్కరూ అడగలేదు. ఒక్క రాయి లోపలికి పోతే ఇంజిన్ పోతుంది. అక్కడే ఒకాయన గుట్కా ప్యాకెట్ చించి గాలికి వదిలాడు. గట్టిగానే తిట్టాను.

ఆ కవర్ సంగతి మిగిలిపోయింది. కొత్తది వచ్చేదాకా ఆగలేక సార్జెంట్‌ని అడిగి నేనే కుట్టాను. మా నాన్న పొగాకు బేళ్లకు గోనెపట్టా కుడుతుంటే చిన్నప్పుడే నేర్చుకున్నాను. సెలవుకు వచ్చినప్పుడు ఇంటినుంచి దబ్బనం, పురికొస తీసుకెళ్లి నాలుగు కవర్ల పట్టీలూ రెండు వరుసలు వేసి బిగించాను. జూన్‌లో అంతకంటే పెద్ద ఆంధీ వచ్చింది. మర్నాడు పొద్దున నాలుగు విమానాలూ ఎగిరాయి.