కొత్త ల్యాప్‌టాప్‌కి మారుతున్నాను, పాత డెస్క్‌టాప్‌ని ఫార్మాట్ చేసి తమ్ముడికి ఇద్దామనుకుంటున్నాను. గేమ్స్ డీ డ్రైవ్‌లో ఉంటే సీ డ్రైవ్ ఫార్మాట్ చేసినా ప్రోగ్రెస్ అలాగే ఉంటుందా?

ఉండదండీ. మీరు రాసిన నాలుగు గేమ్స్, అంటే జీటీఏ శాన్ ఆండ్రియాస్, విచర్ 3, స్టార్‌డ్యూ వ్యాలీ, ఎల్డెన్ రింగ్ డీ డ్రైవ్‌లోనే ఇన్‌స్టాల్ అయి ఉన్నా, వాటి ప్రోగ్రెస్, అంటే ఆటలో మీరు ఎంతదాకా వచ్చారో రాసి ఉంచే సేవ్ ఫైల్ మాత్రం సీ డ్రైవ్‌లో మీ యూజర్ పేరు మీద ఉన్న ఫోల్డర్‌లో ఉంటుంది. డాక్యుమెంట్స్ ఫోల్డర్‌ని మీరే ఎప్పుడైనా డీ లోకి మార్చుకుని ఉంటే, అందులో సేవ్ అయ్యే శాన్ ఆండ్రియాస్, విచర్ 3 సంగతి మాత్రం వేరు. కాబట్టి పాత డెస్క్‌టాప్‌ని ఫార్మాట్ చేసి తమ్ముడికి ఇచ్చే పని కొంచెం వాయిదా వేయండి. కొత్త ల్యాప్‌టాప్‌లో నాలుగు గేమ్స్ తెరిచి, మీరు ఆపిన చోటి నుంచే మొదలవుతున్నాయని కళ్లారా చూసుకున్నాకే పాతదాని జోలికి వెళ్లండి.

సీ లో విండోస్, డీ లో మన సామాను అనే నమ్మకం మనవాళ్లలో బాగా నాటుకుపోయింది. సిస్టమ్ అసెంబుల్ చేసి ఇచ్చేవాళ్లు కూడా అదే చెబుతారు. మా చెల్లి కంప్యూటర్ బాగా స్లో అయిందని ఒక సర్వీస్ షాపులో ఇస్తే, "డెస్క్‌టాప్ మీదున్నవి, ఫోటోలు కాపీ చేశామమ్మా, డీ డ్రైవ్ అసలు ముట్టుకోలేదు" అని తిరిగి ఇచ్చారు. వాళ్లు అబద్ధం చెప్పలేదు. స్టార్‌డ్యూ వ్యాలీ గేమ్ డీ లో భద్రంగా ఉంది. అందులో ఏళ్లుగా పెంచుకున్న తన పొలం మాత్రం లేదు. తనది స్టీమ్ లాంటి లాంచర్ (గేమ్స్ కొని, నడుపుకునే ప్రోగ్రామ్) ఏదీ లేకుండా పెట్టుకున్న కాపీ కావడంతో క్లౌడ్‌లో, అంటే ఇంటర్నెట్‌లో దాచిన కాపీగా కూడా ఏమీ దొరకలేదు. గేమ్ మళ్లీ డౌన్‌లోడ్ చేసుకోవచ్చు, పోయిన పొలం ఎక్కడా దొరకదు. అప్పటి నుంచి మా ఇంట్లో, మా స్నేహితుల ఇళ్లలో ఎవరు కంప్యూటర్ మార్చినా ముందు ఈ సేవ్ ఫైళ్ల పని నేనే దగ్గరుండి చేస్తున్నాను. ఆ అనుభవంతోనే రాస్తున్నాను.

ముందు వెతకడం గురించి చెబుతాను. విండోస్ బటన్, ఆర్ కలిపి నొక్కితే రన్ అనే చిన్న పెట్టె వస్తుంది. అందులో ఇంగ్లీషు అక్షరాల్లో పర్సెంట్ గుర్తు, యాప్‌డేటా, మళ్లీ పర్సెంట్ గుర్తు, మధ్యలో ఖాళీ లేకుండా కొట్టి ఎంటర్ నొక్కండి. రోమింగ్ అనే ఫోల్డర్ తెరుచుకుంటుంది. అక్కడి నుంచి ఒక మెట్టు పైకి వెళ్తే లోకల్, లోకల్‌లో (ఇంగ్లీషులో LocalLow), రోమింగ్ అని మూడు ఫోల్డర్లు కనిపిస్తాయి. ఈ యాప్‌డేటా మొత్తం విండోస్‌లో మామూలుగా కనిపించకుండా దాచి ఉంటుంది. షాపుల్లో బ్యాకప్ తీసేటప్పుడు దీన్ని వదిలేసేది అందుకే. యూనిటీ ఇంజన్‌తో (ఇంజన్ అంటే గేమ్స్ తయారుచేసే సాఫ్ట్‌వేర్) చేసిన గేమ్స్ చాలావరకు LocalLow ఫోల్డర్‌లో, తయారుచేసిన కంపెనీ పేరు కింద సేవ్ చేస్తాయి. హాలో నైట్ సేవ్‌లు అక్కడే, టీమ్ చెర్రీ అనే ఫోల్డర్‌లో ఉంటాయి. అన్‌రియల్ ఇంజన్ గేమ్స్‌కైతే ఎక్కువగా లోకల్ ఫోల్డర్‌లో గేమ్ పేరు, దాని లోపల సేవ్‌డ్, ఇంకా లోపల సేవ్‌గేమ్స్ అని ఉంటుంది. సైబర్‌పంక్ 2077 లాంటివి మీ యూజర్ ఫోల్డర్‌లోనే సేవ్‌డ్ గేమ్స్ అనే ఫోల్డర్ వాడతాయి. స్కైరిమ్ డాక్యుమెంట్స్‌లోని మై గేమ్స్‌లో పెడుతుంది. ఇలా ఒక్కో గేమ్‌ది ఒక్కో దారి, అన్నిటికీ కలిపి ఒకే చోటు అంటూ లేదు.

అయినా ఏ గేమ్‌కైనా పనికొచ్చే ఉపాయం ఒకటుంది. గేమ్‌లోకి వెళ్లి ఒకసారి సేవ్ చేసి బయటికి రండి. వెంటనే మీ యూజర్ ఫోల్డర్ తెరిచి, పైన ఉన్న సెర్చ్ పెట్టెలో ఇంగ్లీషులో డేట్‌మాడిఫైడ్, కోలన్, టుడే అని కొట్టి, వచ్చినవాటిని సమయం ప్రకారం అమర్చుకోండి. ఇప్పుడే మారిన ఫైళ్లు పైకి వస్తాయి, వాటిలో చాలాసార్లు మీ సేవ్ కనిపిస్తుంది. దాచిన ఫోల్డర్లు కనిపించేలా ముందే సెట్ చేసుకోండి. అప్పటికీ దొరకకపోతే విండోస్‌లోనే ఉన్న రిసోర్స్ మానిటర్ తెరిచి డిస్క్ ట్యాబ్ చూడండి. గేమ్‌లో సేవ్ నొక్కిన క్షణంలో ఆ గేమ్ ఏ ఫైల్‌లో రాస్తోందో పూర్తి అడ్రస్‌తో సహా అక్కడ తెలుస్తుంది. నాకు ఏ గైడ్‌లోనూ వివరాలు దొరకని చిన్న గేమ్స్‌కి ఇదే దారి చూపించింది. పీసీగేమింగ్‌వికీ అనే సైట్‌లో చాలా గేమ్స్‌కి సేవ్ ఎక్కడుందో రాసి ఉంటుంది, ముందు అది చూస్తే శ్రమ తగ్గుతుంది.

డాక్యుమెంట్స్ ఫోల్డర్ విషయంలో ఒక జాగ్రత్త. కొత్త విండోస్ ల్యాప్‌టాప్‌లలో వన్‌డ్రైవ్ (మైక్రోసాఫ్ట్ వాళ్ల క్లౌడ్) బ్యాకప్ ఆన్ అయి ఉంటే, డాక్యుమెంట్స్ అసలు చోటు వన్‌డ్రైవ్ ఫోల్డర్ లోపలికి మారిపోతుంది. అప్పుడు ఒకే పేరుతో రెండు ఫోల్డర్లు కనిపించవచ్చు. మీరు ఒకదాంట్లో పేస్ట్ చేస్తే గేమ్ రెండోదాంట్లో వెతుకుతుంది, సేవ్ లేదంటుంది. డాక్యుమెంట్స్ మీద రైట్ క్లిక్ చేసి, ప్రాపర్టీస్‌లో లొకేషన్ చూస్తే నిజంగా వాడుకలో ఉన్నది ఏదో తెలుస్తుంది.

ఇప్పుడు మీ గేమ్స్ సంగతి. శాన్ ఆండ్రియాస్ చాలా తేలిక. డాక్యుమెంట్స్‌లో జీటీఏ శాన్ ఆండ్రియాస్ యూజర్ ఫైల్స్ అని ఫోల్డర్ ఉంటుంది. అందులో బి అనే అక్షరంతో ముగిసే ఫైళ్లే మీ సేవ్‌లు, స్లాట్ నంబర్ ఫైల్ పేరులోనే ఉంటుంది. గరిష్ఠంగా 8, ఒక్కోటి సుమారు 200 కేబీ. నెట్ సెంటర్లలో గంట లెక్కన ఆడే రోజుల్లో, సిస్టమ్ రీస్టార్ట్ చేయగానే అన్నీ తుడిచిపెట్టే సాఫ్ట్‌వేర్ వేసి ఉంచేవారు. వైస్ సిటీ, శాన్ ఆండ్రియాస్ మిషన్లు సగంలో ఉన్న మేమందరం ఇలాంటి ఫోల్డర్లనే పెన్‌డ్రైవ్‌లో వేసుకుని తిరిగేవాళ్లం. ఏ సిస్టమ్ ఖాళీ ఉంటే దానిలో పేస్ట్ చేసి ఆడటమే. అదే ఫోల్డర్‌లో సెట్ అని ముగిసే ఒక ఫైల్ ఉంటుంది, దాన్ని మాత్రం ల్యాప్‌టాప్‌కి తేకండి. అది పాత డెస్క్‌టాప్ గ్రాఫిక్స్, కంట్రోల్ సెట్టింగ్స్‌ది. కొత్త మెషీన్‌లో గేమ్ మొదలవకపోవడానికి అది కారణం కావచ్చు. గేమ్‌లో కెమెరాతో తీసిన ఫోటోలు ఉంటే అవి గ్యాలరీ ఫోల్డర్‌లో దొరుకుతాయి, అవీ తెచ్చుకోండి.

విచర్ 3 కూడా డాక్యుమెంట్స్‌లోనే. ది విచర్ 3 అనే ఫోల్డర్‌లో గేమ్‌సేవ్స్ చూడండి. ప్రతి సేవ్‌కి అదే పేరుతో ఒక బొమ్మ ఫైల్ కూడా ఉంటుంది, రెండూ కలిపి తెచ్చుకోండి. ల్యాప్‌టాప్‌లో గేమ్‌ని పూర్తిగా అప్‌డేట్ చేశాకే సేవ్ తెరవండి. 2022 డిసెంబర్‌లో వచ్చిన పెద్ద అప్‌డేట్ తర్వాత చేసిన సేవ్‌లు పాత వెర్షన్‌లో తెరుచుకోవు.

స్టార్‌డ్యూ వ్యాలీ విషయానికొస్తే, మీ పాత్ర మంచమెక్కి పడుకుని రోజు ముగిసినప్పుడే గేమ్ సేవ్ అవుతుంది. అందుకే కాపీ చేసే ముందు ఆ రోజు పూర్తి చేసి, తెల్లవారాక బయటికి రండి. రోమింగ్‌లో స్టార్‌డ్యూవ్యాలీ, దాని లోపల సేవ్స్. ఒక్కో పొలానికి ఒక్కో ఫోల్డర్, పేరు పక్కన అంకెలు ఉంటాయి. లోపలి ఫైళ్లు ఏరుకోకుండా ఫోల్డర్ మొత్తం అలాగే కాపీ చేయండి, పేరు మార్చవద్దు. చివర్లో ఓల్డ్ అని ఉన్న రెండు ఫైళ్లు ముందు రోజు సేవ్. మెయిన్ ఫైళ్లు ఎప్పుడైనా పాడైతే వాటిని పక్కకు తీసి, ఈ రెండిటి పేర్ల చివరున్న ఓల్డ్‌ని, దాని ముందున్న గీతతో సహా తీసేస్తే ఒక్క రోజు వెనక్కి వెళ్లి పొలం దక్కుతుంది. ఈ సంగతి తెలిసి ఉండటం వల్ల మా హాస్టల్ ఫ్రెండ్ ఒకడి సేవ్ నిలబడింది. మీరు కూడా గుర్తుపెట్టుకోండి.

విచర్ 3, స్టార్‌డ్యూ వ్యాలీ రెండూ స్టీమ్‌లో కొన్నారని రాశారు. రెండిటికీ స్టీమ్ క్లౌడ్ ఉంది, మరి ఇంత శ్రమ ఎందుకు అనిపించవచ్చు. క్లౌడ్ మంచిదే, కానీ అది బ్యాకప్ కాదు. ఇక్కడ ఉన్నది అక్కడికి, అక్కడ ఉన్నది ఇక్కడికి చేరవేయడమే దాని పని. ఇక్కడ పాడైన ఫైల్ ఉంటే పాడైనదే పైకి వెళ్తుంది. నన్ను అన్నిటికంటే ఎక్కువ టెన్షన్ పెట్టేది, కొత్త కంప్యూటర్‌లో మొదటిసారి గేమ్ తెరిచినప్పుడు వచ్చే ప్రశ్న: ఈ కంప్యూటర్‌లోని సేవ్ ఉంచాలా, క్లౌడ్‌లోది ఉంచాలా? చాలామంది తేదీ చూసి, కొత్తదే సరైనదని దాన్ని నొక్కేస్తారు. అయితే ల్యాప్‌టాప్‌లో గేమ్ ఎలా నడుస్తుందో చూద్దామని మీరు అయిదు నిమిషాలు ఆడి ఉంటే, తేదీ ప్రకారం ఆ ఖాళీ సేవే కొత్తది అవుతుంది. దాన్ని నొక్కితే క్లౌడ్‌లో ఉన్న మీ కష్టమంతా పోవచ్చు. అందుకని ఫోల్డర్ కాపీ పెన్‌డ్రైవ్‌లో చేతికి అందే చోట ఉండాలి.

నేను పాటించే వరుస చెబుతాను. ల్యాప్‌టాప్‌లో గేమ్ ఇన్‌స్టాల్ చేశాక, స్టీమ్ లైబ్రరీలో ఆ గేమ్ ప్రాపర్టీస్‌కి వెళ్లి క్లౌడ్ టిక్ తీసేస్తాను. గేమ్ ఒక్కసారి తెరిచి మెయిన్ మెనూ దాకా వెళ్లి మూసేస్తాను, దాంతో కావాల్సిన ఫోల్డర్లు అవే తయారవుతాయి. అప్పుడు పెన్‌డ్రైవ్ నుంచి సేవ్ పేస్ట్ చేసి, గేమ్ తెరిచి, నిజంగా లోడ్ అయిందో లేదో కాసేపు ఆడి చూస్తాను. అంతా బాగుంటేనే క్లౌడ్ మళ్లీ ఆన్ చేస్తాను. అప్పుడు ఆ ప్రశ్న వస్తే ధైర్యంగా ఈ కంప్యూటర్‌లోని సేవ్ ఎంచుకోవచ్చు. ఇంకొకటి, కొన్ని గేమ్స్ సేవ్ నేరుగా స్టీమ్ ఇన్‌స్టాల్ అయిన చోట యూజర్‌డేటా అనే ఫోల్డర్‌లో ఉంటుంది. లోపల మీ అకౌంట్ నంబర్, దాని లోపల గేమ్ నంబర్. స్టోర్‌లో ఆ గేమ్ పేజీ తెరిస్తే అడ్రస్‌లో కనిపించే అంకె అదే, ఉదాహరణకు విచర్ 3 ది 292030. ఫార్మాట్ ముందు యూజర్‌డేటా ఫోల్డర్‌ని కూడా మొత్తంగా కాపీ చేసుకోండి.

చేత్తో ఇదంతా చేయడం కష్టమనిపిస్తే లూడుసావి అనే ఉచిత ఓపెన్ సోర్స్ ప్రోగ్రామ్ ఉంది. కంప్యూటర్‌ని స్కాన్ చేసి, దొరికిన సేవ్‌లన్నీ ఒకే ఫోల్డర్‌లోకి బ్యాకప్ తీస్తుంది, కొత్త మెషీన్‌లో తిరిగి పెడుతుంది. గేమ్స్ ఎక్కువ ఉన్నవాళ్లకు నేను అదే చెబుతాను. మీకున్న నాలుగింటికి చేత్తో చేయడమే మేలు, ఏది ఎక్కడుందో మీకే తెలుస్తుంది.

చివరిది ఎల్డెన్ రింగ్. రోమింగ్‌లో ఎల్డెన్‌రింగ్ ఫోల్డర్, లోపల 17 అంకెల పేరుతో ఇంకో ఫోల్డర్. ఆ అంకెలే మీ స్టీమ్ ఐడీ. లోపలున్న ఒకే ఫైల్‌లో 10 క్యారెక్టర్ల దాకా ఉంటాయి, సైజు దాదాపు 28 ఎంబీ. ఒక్క ఫైల్ పోతే పదీ పోతాయి కాబట్టి పెద్ద బాస్‌తో (బలమైన శత్రువుతో) పోరుకి ముందు కాపీ తీసి పెట్టుకోవడం మంచి అలవాటు. మీ అకౌంట్‌తోనే ల్యాప్‌టాప్‌లో ఆడితే ఫోల్డర్ పేస్ట్ చేస్తే చాలు. తమ్ముడు తన అకౌంట్‌లో మీ క్యారెక్టర్ వాడుకోవచ్చా అని అడిగారు. నేరుగా కుదరదు. ఐడీ ఫోల్డర్ పేరులోనే కాదు, ఫైల్ లోపల కూడా రాసి ఉంటుంది. దాన్ని మార్చే టూల్స్ బయట తిరుగుతున్నాయి కానీ, ఈజీ యాంటీ చీట్ అనే, మోసాలను పట్టే ప్రోగ్రామ్ ఉన్న ఆన్‌లైన్ గేమ్‌లో తమ్ముడి అకౌంట్‌ని రిస్క్‌లో పెట్టమని నేను చెప్పను. శాన్ ఆండ్రియాస్ సేవ్‌లకు అకౌంట్‌తో సంబంధం లేదు. ఫార్మాట్ అయ్యాక ఆ ఫైళ్లే డెస్క్‌టాప్‌లో మళ్లీ పెట్టి ఇవ్వండి, తమ్ముడు హాయిగా ఆడుకుంటాడు.