సైన్యానికీ పౌర శాఖలకూ నడుమ ఉద్యోగం: నేరుగా వెళ్లే దారి ఉందా?

ప్రశ్న: మా అబ్బాయి బీఎస్సీ కంప్యూటర్స్ చివరి సంవత్సరం చదువుతున్నాడు. కాలేజీలో చేరినప్పటి నుంచి ఎన్‌సీసీలో ఉన్నాడు, ఇప్పుడు ‘సి’ సర్టిఫికెట్ పరీక్ష రాశాడు. దేశ భద్రత కోసం సైన్యం, ప్రభుత్వ శాఖలు కలిసి పనిచేసే చోటే తాను పనిచేస్తానంటున్నాడు. ఆ ఉద్యోగం పేరేమిటని అడిగితే చెప్పలేకపోతున్నాడు. జాతీయ భద్రతలో ఏడాది డిప్లొమా చేస్తే నేరుగా అందులో చేరవచ్చని ఒక శిక్షణ సంస్థ వారు చెబుతున్నారు. ఫీజు మాత్రం బాగా ఎక్కువ. చేర్పించమంటారా?
– ఒక తండ్రి

జవాబు: చేర్పించవద్దు. ఆ సంస్థలో పాఠాలు బాగానే ఉండవచ్చు, వాటి గురించి నాకు పేచీ లేదు. ‘నేరుగా చేరవచ్చు’ అన్న మాటతోనే పేచీ. మీ అబ్బాయి ఉద్యోగం పేరు చెప్పలేకపోవడంలోనూ అతని తప్పేమీ లేదు. అలాంటి పేరుతో నోటిఫికేషన్ రాదు, పరీక్ష ఉండదు. సైనిక కమాండ్‌కూ పౌర శాఖకూ నడుమ ఉన్న కుర్చీల్లో దాదాపు అన్నీ డెప్యుటేషన్ మీద నిండేవే. ఏదో ఒక వైపు ఏళ్ల తరబడి పనిచేసి, ఆ పని తెలిసినవారిగా పేరు తెచ్చుకున్నవారినే అక్కడికి పంపుతారు. తుపాన్లప్పుడు టీవీలో నారింజ రంగు దుస్తుల్లో కనిపించే జాతీయ విపత్తు స్పందన దళాన్నే తీసుకోండి. అందులోని జవాన్లు, అధికారులు సీఆర్‌పీఎఫ్, బీఎస్‌ఎఫ్, సీఐఎస్‌ఎఫ్, ఐటీబీపీ వంటి బలగాల నుంచి కొంతకాలానికి వచ్చి తిరిగి వెళ్లేవారే.

కాబట్టి మీ అబ్బాయి తేల్చుకోవలసింది ఏ వైపు నుంచి ఆ బల్ల దగ్గరికి వెళ్లాలన్నది. అది తేల్చుకోవాలంటే అక్కడ జరిగే పని ఎలాంటిదో కాస్త తెలియాలి.

మన దేశంలో ఈ సమన్వయం దెబ్బ తగిలినప్పుడల్లా ఒక మెట్టు ఎక్కింది. 1999లో కార్గిల్ యుద్ధం తరువాత కె. సుబ్రహ్మణ్యం అధ్యక్షతన వేసిన సమీక్షా కమిటీ, ఒక సంస్థకు తెలిసిన సమాచారం ఇంకో సంస్థకు సమయానికి చేరడం లేదని ఎత్తిచూపింది. ఆ తరువాత మంత్రుల బృందం సిఫారసులతో 2001లో అండమాన్ నికోబార్ కమాండ్ ఏర్పడింది. సైన్యం, నౌకాదళం, వైమానిక దళం, కోస్ట్ గార్డ్ అక్కడ ఒకే అధికారి కింద పనిచేస్తాయి. 2020 జనవరిలో తొలి త్రివిధ దళాధిపతి (చీఫ్ ఆఫ్ డిఫెన్స్ స్టాఫ్) బాధ్యతలు చేపట్టారు. ఆ పదవిలో ఉన్నవారే రక్షణ మంత్రిత్వ శాఖలోని సైనిక వ్యవహారాల విభాగానికి కార్యదర్శి కూడా. యూనిఫాంలో ఉన్న అధికారి సచివాలయంలో కార్యదర్శి హోదాలో ఫైలు మీద సంతకం చేయడం అంతకు ముందు లేని సంగతి.

తీరం కథ ఇంకా వివరంగా చెప్పాలి, ఎందుకంటే మీ అబ్బాయి కోరుకుంటున్న పని అచ్చంగా అక్కడే ఉంది. 2008 నవంబరులో ముంబైపై దాడి చేసిన పదిమందీ సముద్రం మీదుగా, చేజిక్కించుకున్న ఒక చేపల పడవలో వచ్చారు. అప్పటికే నౌకాదళం ఉంది, కోస్ట్ గార్డ్ ఉంది, కస్టమ్స్, మత్స్యశాఖ, పోలీసులు అందరూ ఉన్నారు. ఎవరి పరిధి ఎక్కడ ముగుస్తుందన్న దగ్గరే సందు దొరికింది. 2009లో తీర భద్రత సహా మొత్తం సముద్ర భద్రత బాధ్యతను నౌకాదళానికి అప్పగించారు. విశాఖపట్నం, ముంబై, కొచ్చి, పోర్ట్ బ్లెయిర్‌లలో ఉమ్మడి కార్యకలాపాల కేంద్రాలు వచ్చాయి. తీరం పొడవునా రాడార్లు పెట్టారు. చాలా చోట్ల అవి లైట్‌హౌస్‌ల మీదే ఉన్నాయి. అంటే స్తంభం నౌకాయాన శాఖది, రాడార్ కోస్ట్ గార్డ్‌ది. అందులో అనుమానాస్పదంగా కనిపించిన పడవ ఎవరిదో చెప్పాల్సింది మత్స్యశాఖ, అది ఒడ్డు దగ్గరికి వస్తే పట్టుకోవలసింది మెరైన్ పోలీసు. 2019 నుంచి ‘సీ విజిల్’ పేరుతో తీర రాష్ట్రాలన్నిటినీ కలిపి చేస్తున్న విన్యాసాలు ఈ గొలుసు ఎక్కడ తెగుతోందో చూసుకోవడానికే.

మీ అబ్బాయి ఊహలో బహుశా పెద్ద తెరలు, మ్యాపులు, గంభీరమైన సమావేశాలు ఉంటాయి. అవీ ఉంటాయి, కాదనను. కానీ పని ఎక్కువగా ఇలా ఉంటుంది: వరదలో ఒక గ్రామం చిక్కుకుంది. తహసీల్దార్ కంట్రోల్ రూముకు ఫోన్ చేసి ఊరి పేరు చెబుతారు. అదే పేరుతో పక్క మండలంలో ఇంకో ఊరుంటుంది. హెలికాప్టర్ పైలట్‌కు ఊరి పేరుతో పని లేదు, అక్షాంశ రేఖాంశాలు కావాలి, లేదా సైనిక మ్యాపులోని గ్రిడ్ నంబరు కావాలి. 2005 జాతీయ మ్యాప్ విధానం వచ్చాక సర్వే ఆఫ్ ఇండియా రక్షణ అవసరాలకు ఒక వరుస మ్యాపులు, అందరి వాడకానికి మరో వరుస మ్యాపులు తయారుచేస్తూ వచ్చింది. కాబట్టి రెవెన్యూ అధికారి ముందున్న కాగితమూ, సైనికాధికారి ముందున్న కాగితమూ ఒకటి కాకపోవచ్చు. ఆ రెంటినీ పక్కపక్కన పెట్టి ‘ఈ ఊరు ఇక్కడ’ అని వేలు పెట్టి చూపగల మనిషి ఆ గదిలో ఒకరు ఉండాలి. రెండు హెలికాప్టర్లు పంపండి అని అడగడం కాకుండా, ఫలానా చోట మేడల మీద ఇంతమంది ఉన్నారు, చీకటి పడేలోపు దింపాలి అని రాయగలగాలి. పని ఏమిటో పౌర అధికారి చెప్పాలి, దేనితో చేయాలో సైన్యం చూసుకుంటుంది. ఇది తెలియక రాసిన ఉత్తరాలు తిరుగుటపాలో వివరణ కోరుతూ వస్తాయి, ఈలోగా నీరు పెరుగుతుంది.

ఈ విభజన మర్యాద కోసం పెట్టుకున్నది కాదు, చట్టంలోనే ఉంది. 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ నాగరిక సురక్షా సంహితలోనూ, దానికి ముందున్న నేర విచారణ స్మృతిలోనూ ఒకటే సూత్రం. అల్లర్లను అదుపు చేయడానికి సైన్యం రావాలంటే మేజిస్ట్రేట్ కోరాలి. కోరాక ఆ పని ఏ పద్ధతిలో చేయాలన్నది అక్కడి సైనికాధికారి నిర్ణయం. అది కూడా వీలైనంత తక్కువ బలప్రయోగంతో. మేజిస్ట్రేట్‌తో మాట్లాడే వీలే లేని అత్యవసర పరిస్థితిలో కమిషన్డ్ అధికారి సొంతంగా రంగంలోకి దిగవచ్చు. మాట్లాడే వీలు దొరికిన క్షణం నుంచి మళ్లీ మేజిస్ట్రేట్ మాటే చెల్లుతుంది. మీ అబ్బాయి చేత ఆ సెక్షన్లు ఒకసారి చదివించండి. చదివి విసుక్కుంటే ఈ రంగం అతనికి కాదు, ఆసక్తిగా ప్రశ్నలు అడిగితే అతను సరైన దారిలోనే ఉన్నాడు.

ఇప్పుడు దారుల సంగతి. మీ అబ్బాయి చేతిలో ఇప్పటికే ఒక తాళం చెవి ఉంది. ‘సి’ సర్టిఫికెట్‌లో కనీసం ‘బి’ గ్రేడు, డిగ్రీలో యాభై శాతం మార్కులు వస్తే, సైన్యంలో ఎన్‌సీసీ ప్రత్యేక ప్రవేశానికి దరఖాస్తు చేయవచ్చు. రాతపరీక్ష ఉండదు, దరఖాస్తులు వడపోశాక సర్వీస్ సెలక్షన్ బోర్డు ఇంటర్వ్యూకు పిలుస్తారు. వయసు 19 నుంచి 25 లోపు. ఎంపికైతే చెన్నైలోని ఆఫీసర్స్ ట్రైనింగ్ అకాడమీలో శిక్షణ, తరువాత షార్ట్ సర్వీస్ కమిషన్, అంటే పరిమిత కాలపు అధికారి ఉద్యోగం. పదేళ్లు, ఇంకో నాలుగేళ్లు పొడిగింపు, అర్హులైతే శాశ్వత కమిషన్. డిప్లొమా గురించి అంత చెప్పిన సంస్థ దీని గురించి చెప్పలేదంటే నాకు ఆశ్చర్యం లేదు, దీనికి ఫీజు లేదు కదా! షార్ట్ సర్వీస్‌లో కనీసం ఐదేళ్లు చేసి బయటికి వచ్చినవారికి సివిల్ సర్వీసెస్ పరీక్షలో ఐదేళ్ల వయో సడలింపు ఉంది. రెండు వైపులా పనిచేసినవారంటే ఈ రంగంలో ప్రత్యేకమైన గౌరవం. నన్నడిగితే మీ అబ్బాయికి మొదటి దారి ఇదే.

రెండోది కోస్ట్ గార్డ్ అసిస్టెంట్ కమాండెంట్. ఇంటర్‌లో గణితం, భౌతికశాస్త్రం చదివి ఉండాలి. ఈ దళం రక్షణ శాఖ కిందిదే అయినా రోజూ పనిచేసేది పోర్టులతో, కస్టమ్స్‌తో, మత్స్యకారులతో. చేరిన తొలి ఏళ్ల నుంచే పౌర శాఖలతో కూర్చునే అవకాశం ఇక్కడ ఉన్నంతగా మరెక్కడా లేదు. సముద్రం పడనివారికి మాత్రం కష్టం. అలాంటివారికి యూపీఎస్సీ నిర్వహించే కేంద్ర సాయుధ బలగాల అసిస్టెంట్ కమాండెంట్ పరీక్ష ఉంది, వయసు 20 నుంచి 25. సరిహద్దు బలగాలకు వెళితే ఎప్పుడూ సైన్యం పొరుగునే ఉంటారు.

మూడోది సివిల్ సర్వీసెస్. దీని గురించి అందరూ ఐఏఎస్, ఐపీఎస్ అనే చెబుతారు. అదే పరీక్షతో దొరికే మరో మూడు సర్వీసుల గురించి నేను చెబుతాను: రక్షణ ఖాతాల సర్వీసు, రక్షణ ఎస్టేట్స్ సర్వీసు, సైనిక ప్రధాన కార్యాలయాల సివిల్ సర్వీసు. ర్యాంకు తక్కువ వచ్చినవారు ఓదార్పుగా తీసుకునేవిగా వీటికి పేరు. అది అన్యాయం. సైనికాధికారులు రెండు మూడేళ్లకు బదిలీ అయిపోతుంటారు. పాత ఒప్పందంలో ఏముందో, ఫైలు ఎక్కడ ఆగిందో గుర్తుండేది ఈ పౌర అధికారులకే. సికింద్రాబాద్ కంటోన్మెంట్ మీదుగా ఎలివేటెడ్ కారిడార్లకు రక్షణ భూములు ఇవ్వడం ఏళ్ల తరబడి నలిగి, చివరికి 2024లో కేంద్రం అనుమతి ఇచ్చింది. అలాంటి భూముల రికార్డులు, విలువలు, బదులు భూముల లెక్కలు చూసేది రక్షణ ఎస్టేట్స్ వారు. విశాఖపట్నం విమానాశ్రయంలో రన్‌వే నౌకాదళానిది, టెర్మినల్ పౌర విమానయానానిది. ప్రయాణికులకు తెలియకుండా అక్కడ రోజూ సమన్వయం నడుస్తూనే ఉంటుంది.

కంప్యూటర్ల వైపే ఉండాలనుకుంటే సైబర్ దాడుల సంగతి చూసే కేంద్ర ప్రభుత్వ సంస్థ సెర్ట్-ఇన్, కీలక సమాచార మౌలిక సదుపాయాల రక్షణ కేంద్రం, త్రివిధ దళాల డిఫెన్స్ సైబర్ ఏజెన్సీ ఒకదానితో ఒకటి మాట్లాడుకునే రంగం ఉంది. పౌర సంస్థల్లోని సాంకేతిక పోస్టుల్లో ఎక్కువవాటికి ఉత్త బీఎస్సీ చాలదు, ఎంసీఏ వంటి పై చదువు కావాలి. డబ్బు పెట్టి చదివించాలనే ఉంటే ఇలాంటి డిగ్రీకి పెట్టండి.

ఏ దారిలో వెళ్లినా పది పదిహేనేళ్ల తరువాతే ఉమ్మడి గదుల్లో పెద్ద బాధ్యత దొరుకుతుంది. అప్పుడు ప్రభుత్వమే శిక్షణ ఇప్పిస్తుంది. ఢిల్లీలోని నేషనల్ డిఫెన్స్ కాలేజీలో బ్రిగేడియర్లు, జాయింట్ సెక్రటరీలు ఒకే తరగతిలో కూర్చుంటారు. కార్గిల్ తరువాత, ఐఏఎస్‌లకు శిక్షణ ఇచ్చే ముస్సోరీ అకాడమీలోనూ సైనిక, పౌర అధికారులకు ఉమ్మడి కోర్సు మొదలైంది. ఆ చదువుకు ఫీజు మీరు కట్టనక్కర్లేదు.

ఈ నెలలో చేయవలసింది చెబుతాను. ‘సి’ సర్టిఫికెట్ గ్రేడు ఎప్పుడు వస్తుందో ఎన్‌సీసీ యూనిట్‌లో కనుక్కోండి. ప్రత్యేక ప్రవేశం నోటిఫికేషన్ ఏడాదికి రెండుసార్లు వస్తుంది, సైన్యం వెబ్‌సైట్‌లో చూస్తూ ఉండమనండి. సెలక్షన్ బోర్డు పరీక్షలు ఐదు రోజులు జరుగుతాయి, తొలిరోజే వడపోత ఉంటుంది. మొదటిసారి వెనక్కి పంపితే కుంగిపోవద్దు, మళ్లీ వెళ్లవచ్చు. ఇప్పుడున్న అధికారుల్లో చాలామంది అలా రెండోసారో మూడోసారో నెగ్గినవారే. అన్నిటికంటే ముందు కంటి వైద్యుడి దగ్గర చూపుతో పాటు రంగులు గుర్తించే శక్తిని కూడా పరీక్ష చేయించండి. అక్కడ తేడా ఉందని తేలితే పైన చెప్పిన యూనిఫాం దారులు చాలావరకు మూసుకుపోతాయి. అప్పుడు ఆలస్యం చేయకుండా సివిల్ సర్వీసెస్ పుస్తకాలు తెప్పించండి.